మా అమ్మాయి కట్టిన 460 మెట్లు

“ఎప్పుడు చూసినా ఆ ఆటలేనా? చదువూ లేదు, సంధ్యా లేదు!” ఈ మాట అనని తల్లి ఈ రోజుల్లో ఎవరైనా ఉన్నారా చెప్పండి? నేనూ అంటాను. రోజుకి రెండుసార్లయినా అంటాను. అయితే అక్కయ్యలూ, చెల్లెళ్ళూ, ఆట ఆడటం ఒకటి, ఆట కట్టి పదిమందిలో పెట్టటం మరొకటి. మొదటిదాంట్లో పిల్ల ఒకరు వండింది తింటుంది. రెండోదాంట్లో తానే వండి వడ్డిస్తుంది. ముక్కూ మొహం తెలియని వాళ్ళకి వడ్డించటం అంటే ఎంత బాధ్యతో మనకి ఒకరు చెప్పాలా?

మాది అన్నవరం. సత్యనారాయణస్వామి వ్రతం చేయించుకోవటానికి మీలో చాలామంది ఒక్కసారైనా వచ్చే ఉంటారు. తూర్పు గోదావరి అనటం మాకు అలవాటు గానీ, 2022 ఏప్రిల్ నుంచి మాది కాకినాడ జిల్లా. కొండకింద మావారికి పూజాసామాన్ల షాపుంది. షాపు లెక్కల కోసం కొన్న కంప్యూటరు ఇంట్లో ముందుగదిలోనే ఉంటుంది. మా అమ్మాయికి పధ్నాలుగేళ్ళు, తొమ్మిదో తరగతి. మా అత్తగారు మా దగ్గరే ఉంటారు. ఈ కథలో ఆవిడది పెద్ద పాత్రేనండోయ్!

రోబ్లాక్స్ అనే పేరు మీ పిల్లల నోట వినే ఉంటారు. అమెరికా కంపెనీది, 2006లో మొదలైంది. అది ఒక ఆట కాదు, తిరనాళ్ళ లాంటిది. తిరనాళ్ళలో స్థలం ఒకరిది, కొట్లు ఎవరివి వారివి. అలాగే అక్కడ ఆటలన్నీ ఆడేవాళ్ళే కట్టి పెడతారు. కట్టటానికి రోబ్లాక్స్ స్టూడియో అని వేరే ఉంటుంది. దానికి డబ్బు కట్టక్కర్లేదు, కాకపోతే ఫోనులో కుదరదు, కంప్యూటరు ఉండాలి. ఇదేదో నిన్నా మొన్నటి వింత కూడా కాదు. 1999లో ఇద్దరు కుర్రవాళ్ళు ‘హాఫ్ లైఫ్’ అనే ఆటని తమకి తోచినట్టు మార్చి ‘కౌంటర్ స్ట్రైక్’ అని బయటపెడితే, ప్రపంచమంతా ఆడింది. ఆ తర్వాత అసలు ఆట తీసిన కంపెనీయే దాన్ని కొనుక్కుంది.

మా అమ్మాయి కట్టింది మన రత్నగిరి. ఆ తిరనాళ్ళలో ‘ఓబీ’ అని ఒక రకం ఆటలుంటాయి. మెట్ల లాంటి వాటి మీదినుంచి గెంతుకుంటూ, పడకుండా చివరికంటా పోవాలి. “కొండ మెట్లు 460 ఉన్నాయి కదమ్మా, అవే లెవెల్‌గా కడతాను” అంది. దసరా సెలవుల్లో మొదలుపెట్టింది. అక్కడి కొలతని స్టడ్ అంటారట, మనకి జానెడు, మూరెడు లాగ. మామూలుగా ఆడే బొమ్మ ఎగిరితే ఏడు స్టడ్‌ల పైచిలుకు ఎత్తు లేస్తుంది. దాన్నిబట్టి మెట్టుకీ మెట్టుకీ ఎత్తూ, ఎడమూ లెక్కేసుకుంది. లెక్కల పుస్తకం తియ్యమంటే తలనొప్పి అనే పిల్ల, రెండు నోటు పుస్తకాలు ఈ కొలతలతో నింపేసింది!

460 సార్లు గెంతాలంటే ఎవరికైనా విసుగే కదా! అందుకని 46 మెట్లకి ఒక మజిలీ పెట్టింది. అక్కడిదాకా వచ్చాక పడిపోతే మళ్ళీ అక్కడినుంచే ఎక్కచ్చు, మొదటికి రానక్కర్లేదు. కొండమీది నీడ గడియారం కూడా కట్టింది. ఆటలో సూర్యుడు కదిలేలా నాలుగు లైన్లు రాస్తే, నీడ దానంతట అదే తిరుగుతోంది. అది చూసి మావారు కాఫీ గ్లాసు పట్టుకుని అలా నిలబడిపోయారు.

అసలు పేచీ అత్తగారి దగ్గర వచ్చింది. “మెట్టుమెట్టుకీ పసుపు రాసి బొట్టుపెట్టి ఎక్కుతామే! వాటిమీద ఈ గెంతులేమిటే?” అన్నారావిడ. “చిన్నపిల్లలు నిజం కొండ కూడా గెంతుకుంటూనే ఎక్కుతారు కదా నానమ్మా!” అంది ఇది. ఆ మాటకి ఆవిడ నవ్వేశారు గానీ, ఇంకో రెండు సంగతుల్లో మాత్రం మెట్టు దిగలేదు. ఒకటి ప్రసాదం. ఇలాంటి ఆటల్లో దారిపొడుగునా నాణాలు పెడతారు, బొమ్మ వాటిమీదుగా నడిస్తే చేతికొచ్చేస్తాయి. నాణాల బదులు ఇది విస్తరాకు ప్రసాదం పొట్లాలు పెట్టింది. “ప్రసాదాన్ని కాలితో తొక్కుతారా!” అని అత్తగారు చెవులు మూసుకున్నారు. మావాళ్ళందరం ఆ గోధుమరవ్వ, నెయ్యి వాసనతోనే పెరిగాం. ఆవిడ బాధ నాకు తెలుసు.

అమ్మాయి ఒక పూట అలిగింది. మర్నాడు తానే ఉపాయం కనిపెట్టింది. పొట్లాలని నేలమీద కాకుండా అరుగుమీద, చేతికందే ఎత్తులో పెట్టింది. బొమ్మ దగ్గరికి వెళ్ళి ఆగి, ఒక మీట నొక్కి పట్టుకుంటేనే పొట్లం వస్తుంది. అంటే ఆగాలి, చెయ్యి చాపాలి, తీసుకోవాలి. నిజంగా గుళ్ళో చేసేది అదేగా! రెండో సంగతి గర్భగుడి. రథంలాంటి గుడి, నాలుగు చక్రాలతో సహా కట్టి, తలుపు మాత్రం వేసేసింది. పైకొచ్చినవాళ్ళు గంట కొట్టటంతో ఆట అయిపోతుంది. “స్వామిని చూడాలంటే అన్నవరం రావాల్సిందే” అని నానమ్మకి మాటిచ్చింది. నిజం చెప్పొద్దూ, అత్తగారి అభ్యంతరాల వల్లే ఆ ఆట మిగతావాటికన్నా వేరుగా తయారైంది.

మావారి భయం ఇంకోరకం. ఆన్‌లైన్ ఆట అనగానే ఆయనకి పేకాటే గుర్తొస్తుంది. తప్పేముంది? ఆన్‌లైన్ రమ్మీ, పోకర్‌లని ఆంధ్ర ప్రభుత్వం 2020లోనే నిషేధించింది. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ 2025 ఆగస్టులో పార్లమెంటు చట్టం చేసి దేశమంతటా కాదంది. మా అమ్మాయిది ఆ కోవలోది కాదు, ఆడేవాళ్ళు పైసా పెట్టక్కర్లేదు. అయితే అక్కడ కూడా రోబక్స్ అని ఒక నాణెం చెలామణీ అవుతుంది. అసలు డబ్బు పోసి కొనుక్కునేది అది. ఆట కట్టినవాళ్ళు వస్తువులు అమ్మి సంపాదించుకోవచ్చు కూడా. కానీ దాన్ని డబ్బుగా మార్చుకోవాలంటే పదమూడేళ్ళు నిండాలి, కనీసం 30,000 రోబక్స్ సంపాదించి ఉండాలి. “మొదటి ఆటలో అమ్మకాలొద్దు” అన్నారు మావారు. “ప్రసాదం అమ్ముతానా నాన్నా!” అంది అమ్మాయి. ఆ గొడవ అక్కడితో సరి.

ఇక నా భయం. అది మీక్కూడా ఉంటుంది. పదిమందీ తిరిగే చోట పిల్లకి ఎవరు తారసపడతారో! పిల్లల క్షేమం పేరు చెప్పి టర్కీ 2024 ఆగస్టులో రోబ్లాక్స్‌ని ఆపేసింది. తల్లిదండ్రులు తమ ఖాతాని పిల్లల ఖాతాతో కలుపుకుని, ఎంతసేపు ఆడుతున్నారు, స్నేహితులెవరు, ఖర్చెంత అని చూసుకునే వీలు 2024 నవంబరులో వచ్చింది. 2026 జనవరి నుంచి అక్కడ చాట్ చెయ్యాలంటే వయసు రుజువు చేసుకోవాలి, కెమెరాకి మొహమైనా చూపించాలి, గుర్తింపు కార్డైనా ఇవ్వాలి. మేం ఆలోచించి, చాటే వద్దనుకున్నాం. ఆట కట్టటానికి కబుర్లెందుకు?

ఇంకోటి. కొండకింద మా ఇల్లు కూడా కట్టేసిందండీ ఈ పిల్ల! ఆకుపచ్చ తలుపు, అరుగు, డోరు నంబరుతో సహా! పక్కనే స్కూలు, దానికి పేరు. ఎంత ముచ్చటగా ఉందో! అయినా రెండూ తీయించాను. అన్నవరం అని పేరు పెట్టుకో, కొండ అందరిదీ. మా గుమ్మం మాత్రం అందరిదీ కాదు. దానికి కళ్ళనీళ్ళు తిరిగాయి. నేను మాత్రం మాట మార్చలేదు.

బయట పెట్టే ముందు దగ్గరివాళ్ళకి మాత్రమే కనపడేలా పెట్టి ఆడించింది. కాకినాడలో మా ఆడపడుచు పిల్లలు, అమెరికాలో మా తమ్ముడి కొడుకూ ఆడారు. అప్పుడు తెలిసింది అసలు సంగతి. కంప్యూటరుమీద ఇది అవలీలగా గెంతే చోట, ఫోనుమీద ఆడే చిన్నపిల్లలు దబ్బున పడుతున్నారు. వేలితో తెరమీద మీట నొక్కటం అంత సులువు కాదు. మూడో మజిలీ దాటాక అంతా పంపానదిలోనే! వారం కూర్చుని ఎడాలన్నీ తగ్గించింది. పడ్డప్పుడు బొమ్మ ముక్కలైపోకుండా నేరుగా మజిలీ దగ్గర లేచేలా మార్చింది. సినిమా పాట పెడదామనుకుంది గానీ, ఇతరుల పాట అనుమతి లేకుండా పెట్టకూడదు కదా, అక్కడే ఉచితంగా దొరికే గంట చప్పుడుతో సరిపెట్టుకుంది. ఉచితంగా దొరికే చెట్లూ, బొమ్మలూ తెచ్చుకునేటప్పుడు కూడా జాగ్రత్త పడాలిట. కొన్నిటి లోపల ఎవరో రాసిన దొంగ ప్రోగ్రాములుంటాయిట. ఊరికే వచ్చిన బియ్యంలో రాళ్ళేరుకోమా!

2026 సంక్రాంతి సెలవుల్లో ఆట పబ్లిష్ చేసింది. ముందు పేరు, నాలుగు మాటల వివరణ రాయాలి. తర్వాత పెద్ద ప్రశ్నావళి. కొట్లాటలున్నాయా, రక్తం ఉందా, భయపెట్టేవి ఉన్నాయా, జూదం ఉందా అని అడుగుతారు. ఆ జవాబుల్ని బట్టి ఏ వయసు పిల్లలు ఆడచ్చో నిర్ణయిస్తారు. వాటికి జవాబివ్వకుండా బయటివాళ్ళకి తలుపు తెరవటం కుదరదు. ఒక్కో ప్రశ్నా అది చదివి అర్థం చెప్పింది, నేను పక్కన కూర్చుని విన్నాను. జవాబులు మాత్రం తనవే.

మొదటిరోజు పదకొండుమంది వచ్చారు. అందులో తొమ్మిదిమంది చుట్టాలే! మూడోరోజుకి ఎవరో తెలియనివాళ్ళు రావటం మొదలైంది. బొటనవేలు పైకి పెట్టినవాళ్ళున్నారు, కిందికి పెట్టినవాళ్ళూ ఉన్నారు. ఆ కిందికి పెట్టిన నాలుగు వేళ్ళూ చూసి పిల్ల అన్నం మానేసింది. అప్పుడు నేనొక మాట చెప్పాను. “వంటల పేజీకి ఒకావిడ కూర రాసి పంపిందనుకో. వండినవాళ్ళలో ఒకరు బాగుందంటారు, ఒకరు ఉప్పెక్కువైందంటారు. ఉప్పెక్కువైందన్నావిడ కూడా నీ కూర వండి చూసిన మనిషే కదే! ఆవిడ ఎక్కడ ఇబ్బంది పడిందో చూడు” అన్నాను. చూసింది. అందరూ ఏడో మజిలీ ముందు ఆగిపోతున్నారు. అక్కడ నీడలో మెట్టంచు కనపడటం లేదు. దీపం పెట్టింది. మర్నాటినుంచి దాటుతున్నారు.

అక్కయ్యలూ, ఈ నాలుగు నెలల్లో మా అమ్మాయి చదువు చెడలేదు, ఎందుకంటే వేళ పెట్టాం. పేరూ డబ్బూ మాత్రం ఏమీ రాలేదు. రాకపోయినా ఫర్వాలేదు. తాను కట్టినదాంట్లో ఎదుటివాళ్ళు ఎక్కడ పడతారో ముందే ఆలోచించటం నేర్చుకుంది. నానమ్మ మనసు నొప్పించకుండా తన మాట నెగ్గించుకోవటం నేర్చుకుంది. అవి ఏ పుస్తకంలో చదివితే వస్తాయి?

మీ పిల్లలూ ఇలాంటి పని తలపెడితే ఇవి మరిచిపోకండి:

• కంప్యూటరు అందరూ తిరిగే గదిలో ఉంచండి.

• ఇంటి నంబరు, స్కూలు పేరు, ఫోటో, ఫోను నంబరు ఆటలో ఎక్కడా ఉండకూడదు.

• ముందు చుట్టాల పిల్లల చేత ఆడించి, తర్వాతే అందరికీ తెరవమనండి.

• బ్యాంకు కార్డు వివరాలు పిల్లల ఖాతాలో పెట్టకండి.

• పబ్లిష్ చేసే రోజున పక్కనే కూర్చోండి. రూల్సు తరచు మారుతుంటాయి, అప్పటి రూలు వాళ్ళచేతే చదివించుకోండి. మనకి ఇంగ్లీషు రాకపోయినా పిల్లలు తెలుగులో చెబుతారు. అలా చెప్పటంలోనే వాళ్ళకి సగం సంగతి అర్థమవుతుంది.

మా అత్తగారు ఇప్పుడు సాయంత్రం దీపం పెట్టాక మనవరాలి పక్కన కుర్చీ వేసుకుంటున్నారు. మోకాళ్ళ నొప్పులతో ఆవిడ కొండ మెట్లు ఎక్కి ఆరేళ్ళయింది. “ఇవాళ ఎంతమంది ఎక్కారే?” అని అడుగుతారు. మీ ఇంట్లో పిల్లలు కూడా ఏదో కడుతూనే ఉండి ఉంటారు. ఆపెయ్యమనే ముందు, ఒక్కసారి చూపించమని అడిగి చూడండి. ఏమంటారు?