సంస్థానం నుంచి సీరియల్ దాకా

రాసేవాడిని పోషించేదెవరు? నూరేళ్ల కిందట పాలమూరులో ఈ మాట అడిగితే గద్వాల, వనపర్తి సంస్థానాల పేర్లు చెప్పేవారు. జంటకవులు తిరుపతి వేంకట కవులు అక్కడికి వచ్చి అవధానాలతో సన్మానాలు అందుకున్నారు. ఆ జంట నాటక పద్యాలు ఊరూరి రంగస్థలాల మీద మోగి, 1967లో ‘శ్రీకృష్ణావతారం’తో ఘంటసాల గొంతులో సినిమాకెక్కాయి. తిరుపతిశాస్త్రి 1920లోనే పోయారు, వేంకటశాస్త్రి 1950లో. తెర మీది ఆ వైభవం ఇద్దరూ చూడలేదు.

1948లో నిజాం పాలన ముగిసింది. సంస్థానాలూ చరిత్రలో కలిశాయి. రచయిత దారి మద్రాసు సినిమారంగం వైపు మళ్లింది.

ఆ దారిలో నడిచినవాడు ముళ్లపూడి వెంకటరమణ. 1931లో ధవళేశ్వరంలో పుట్టి, ఆంధ్రపత్రికలో పనిచేసి, 1962లో ‘రక్తసంబంధం’కు మాటలు రాశారు. దర్శకుడు బాపుతో కలిసి ‘సాక్షి’ (1967), ‘ముత్యాల ముగ్గు’ (1975) అందించారు. ‘ముత్యాల ముగ్గు’లో రావు గోపాలరావు కాంట్రాక్టరు పాత్ర ఇప్పటికీ జనం నోట నానుతోందంటే రమణ మాటల చలవే. మర్యాదగా మాట్లాడుతూనే భయపెట్టే ప్రతినాయకుడు అతడు.

తర్వాత ఈటీవీకి బాపు తీసిన ‘భాగవతం’ ధారావాహిక రాశారు. రాజుగారి కొలువుకు వెళ్లకుండానే పురాణం వనపర్తి, నాగర్‌కర్నూలు ఇళ్లలోకి వచ్చేసింది. ఆయన చివరి సినిమా ‘శ్రీరామరాజ్యం’ 2011 నవంబరులో విడుదలైంది. రమణ అదే ఏడాది ఫిబ్రవరిలో కన్నుమూశారు.