రాక్షసుల పేరు పెట్టుకున్న సెంటర్

మీ ఊళ్లో మెయిన్ సెంటర్ పేరేంటి? గాంధీ బొమ్మ సెంటరో, అంబేడ్కర్ సెంటరో, ఎప్పుడో మూతపడ్డ సినిమా హాల్ సెంటరో అయ్యుంటుంది. నేనుంటున్న ఊళ్లో మాత్రం మెయిన్ సెంటర్‌కి రాక్షసుల పేరు పెట్టారు. జోక్ కాదండీ, బోర్డు మీద రాసుంది.

ఊరి పేరు రోవనియెమి. ఫిన్లాండ్‌కి ఉత్తరాన, లాప్‌లాండ్‌లో ఉంది. హెల్సింకీలో రాత్రి రైలెక్కితే దాదాపు 12 గంటల ప్రయాణం. ఆర్కిటిక్ సర్కిల్ గీత ఇక్కడికి 8 కిలోమీటర్లే. రీల్స్‌లో చూసుంటారు, తెల్ల గడ్డం శాంటా, రెయిన్‌డీర్ బండ్లు, ఆకాశంలో పచ్చటి అరోరా. ఆ ఊరు ఇదే. 1944లో జర్మన్ సైన్యం వెనక్కి వెళ్తూ ఊరిని దాదాపు మొత్తం తగలబెట్టేసింది. తర్వాత ఆల్వార్ ఆల్టో అనే ఆర్కిటెక్ట్ రెయిన్‌డీర్ కొమ్ముల ఆకారంలో రోడ్లు గీసి కొత్త ప్లాన్ ఇచ్చాడు.

నేనిక్కడ మాస్టర్స్ చేస్తున్నా. చలికాలంలో పార్ట్‌టైమ్ జాబ్. ఇంట్లో అడిగితే "టూరిజం కంపెనీలో కస్టమర్ సపోర్ట్" అని చెప్పా. అసలు సంగతేంటంటే, చివర గంట కట్టిన ఎర్ర టోపీ, పచ్చ కోటు, ముక్కు పైకి తిరిగిన బూట్లు వేసుకుని పిల్లల్ని క్యూలో నిలబెట్టడం. శాంటా దగ్గరుండే ఎల్ఫ్ వేషం.

పోయిన డిసెంబర్‌లో ఒకరోజు మైనస్ 22. క్యూలో ఒక తెలుగు ఫ్యామిలీ వచ్చింది. వాళ్ల పాపకి నా టోపీ గంట తెగ నచ్చేసింది. ఆవిడ మాత్రం నన్ను ఎగాదిగా చూసి, భర్తతో మెల్లగా అంది: "మనబ్బాయిలాగే ఉన్నాడు కదండీ. ఇంత దూరం వచ్చి ఈ వేషాలేంటో, పాపం."

నాకు తెలుగు రానట్టే నిలబడ్డా. "వెల్‌కమ్" అని ఇంగ్లిష్‌లో నవ్వా. గంట మాత్రం మోగుతూనే ఉంది.

డ్యూటీ అయ్యాక 8వ నంబర్ బస్సెక్కి సెంటర్లో దిగా. రూమ్‌కి వెళ్లబుద్ధి కాలేదు. షాపులు, కాఫీ హోటళ్లు, మధ్యలో మంచు గడ్డకట్టిన ఖాళీ జాగా. రోజూ దాటిపోయే చోటే అది. ఆరోజు మొదటిసారి ఆగి పేరు చదివా. లోర్డిన్ అవుకియో. అంటే లోర్డి స్క్వేర్. మన భాషలో లోర్డి సెంటర్.

లోర్డి ఒక రాక్ బ్యాండ్. అందరూ రాక్షసులే. తల మీద కొమ్ములు, మొహం నిండా ముడతలు, పొడుగు గోళ్లు, ఎత్తు మడమల బూట్లు. బ్యాండ్ పెట్టింది మిస్టర్ లోర్డి. 1974లో పుట్టింది ఈ ఊళ్లోనే. చిన్నప్పట్నుంచీ మొహాలకి రంగులేసుకునే అమెరికన్ బ్యాండ్ కిస్ అంటే పిచ్చి, హారర్ సినిమాలంటే ఇంకా పిచ్చి. రెండూ కలిపి 1992లో లోర్డి మొదలెట్టాడు. రబ్బరు మాస్కులు, డ్రెస్సులు చేసేదీ తనే. మొదటి ఆల్బమ్ బయటికొచ్చేసరికి 2002 అయింది. అంటే పదేళ్లు!

యూరోవిజన్ అని యూరప్‌లో పాటల పోటీ ఉంది. దేశానికొక పాట. కోట్లమంది టీవీల ముందు కూర్చుని చూస్తారు. ఫిన్లాండ్ 1961 నుంచీ వెళ్తోంది, ఒక్కసారి కూడా గెలవలేదు. కొన్నిసార్లు సున్నా పాయింట్లు. బెస్ట్ అంటే 1973లో ఆరో స్థానం. అలాంటిది 2006లో తమ దేశం తరఫున జనం లోర్డిని ఎన్నుకున్నారు.

గొడవ మొదలైంది. వీళ్లు సైతాను భక్తులనీ, దేశం పరువు పోతుందనీ కొందరు. పోటీ జరిగే గ్రీస్‌లో కూడా కొందరు వద్దన్నారు. తమాషా ఏంటంటే, సైతాను ఓడిపోయేవాడని చెప్పే పాట వీళ్ల మొదటి ఆల్బమ్‌లోనే ఉంది. ఇక పోటీకి తీసుకెళ్లిన పాట పేరు హార్డ్ రాక్ హల్లెలూయా.

2006 మే 20, ఏథెన్స్. స్టేజి మీద నిప్పులు, పొగ. మిస్టర్ లోర్డి వీపు మీంచి గబ్బిలం రెక్కలు విచ్చుకున్నాయి. 292 పాయింట్లు. అప్పటికి అదే రికార్డు. యూరోవిజన్‌లో హార్డ్ రాక్ గెలవడం అదే మొదటిసారి. వారం తిరక్కుండానే హెల్సింకీ మార్కెట్ స్క్వేర్‌లో పాడితే దాదాపు 90 వేలమంది వచ్చారు. సొంతూరు ఏమిచ్చింది? ఇదిగో, ఈ సెంటర్‌కి వాళ్ల పేరు.

ఫోన్‌లో ఇదంతా చదువుతుంటే ఒక దగ్గర ఆగిపోయా. గెలిచిన కొద్దిరోజులకే ఒక ఫిన్నిష్ పత్రిక మిస్టర్ లోర్డి మాస్కు లేని ఫొటో అచ్చేసింది. బయటెక్కడైనా జనం ఎగబడి కొనేవాళ్లే. ఇక్కడ రివర్స్. "ఆయన చూపించకూడదనుకున్నది మీరెందుకు చూపించారు?" అని జనం తిరగబడ్డారు, ఆన్‌లైన్‌లో సంతకాలు పెట్టారు. చివరికి పత్రిక సారీ చెప్పింది.

తర్వాత ఆ ఊపు తగ్గింది. బ్యాండ్ పేరుతో ఈ ఊళ్లో పెట్టిన రెస్టారెంట్ కొన్నేళ్లకి మూతపడింది. 2008లో సినిమా తీశారు, పెద్ద హిట్టేం కాదు. ఒక్కొక్కళ్లే బ్యాండ్ వదిలి వెళ్లారు, కొత్తవాళ్లు కొత్త రాక్షసులై వచ్చారు. మొదట్నుంచీ మిగిలింది మిస్టర్ లోర్డి ఒక్కడే. ఆయన ఆగలేదు. 2021లో ఒకేసారి ఏడు ఆల్బమ్‌లు రిలీజ్ చేశారు. అవును, ఏడు. 2023లో సబాటన్ అనే పెద్ద బ్యాండ్‌తో కలిసి యూరప్ టూర్ తిరిగారు. యాభై దాటినా అదే రబ్బరు మొహం, అవే కొమ్ములు.

మాది తిరుపతి. మే నెలలో గంగమ్మ జాతర. మా నాయన ఏటా వేషం కడతాడు. ఒకరోజు ఒంటినిండా తెల్ల సుద్దతో బైరాగి, ఇంకోరోజు ఎర్ర కుంకంతో బండ వేషం, మరో రోజు బొగ్గుమసితో తోటి వేషం. చిన్నప్పుడు ఫ్రెండ్స్ ముందు నాకు సిగ్గేసేది. నాయనకి మాత్రం ఎప్పుడూ లేదు. బజార్లో ఎదురైతే మసి మొహంతోనే "అన్నం తిన్యావా?" అని అడిగేవాడు.

అలాంటి మనిషికా నేను టోపీ సంగతి దాచింది?

మర్నాడు బ్రేక్‌లో వీడియో కాల్ చేశా. ఇక్కడ మధ్యాహ్నం ఒంటిగంట, బయట అప్పుడే సాయంత్రంలా నీలంగా ఉంది. అక్కడ నాలుగున్నర. వేషం తియ్యలేదు.

నాయన ఫోన్ దగ్గరికి తెచ్చుకుని చాలాసేపు చూశాడు.

"ఏమిరా ఇది?"

"ఇదే నాయనా నా ఉద్యోగం. కస్టమర్ సపోర్ట్ కాదు. ముందే చెప్పలేకపోయినా."

ఏమీ అనలేదు. నా గుండె కొట్టుకుంటోంది. వెనక అమ్మ "ఎవరూ?" అంటోంది.

"వెనక్కి తిరుగు," అన్నాడు.

తిరిగా. గంట మోగింది.

"నువ్వే కుట్టుకున్యావా?"

"లేదు నాయనా, కంపెనీ ఇచ్చింది."

"అందుకే భుజాల కాడ అంత వదులుగా ఉండాది. సూదీ దారం ఉందా నీ దగ్గర?"

లేదన్నా. కొనుక్కోమన్నాడు. ఎక్కడ పట్టి కుట్టాలో తన చొక్కా భుజం మీద వేలు పెట్టి చూపించాడు.

సాయంత్రం లోర్డి సెంటర్ దగ్గర షాపులో సూదులు కొన్నా.