మామ లెక్క

వర్బల్ వర్డ్ లిస్టులో 'ఎ' అక్షరం అయిపోవస్తోందని ఊపిరి పీల్చుకునే చోట ఒక పదం తగులుతుంది. అవంక్యులర్. విశేషణం. పక్కన అర్థం రెండే ముక్కలు: అంకుల్ లాంటి, చిన్నవాళ్ల పట్ల దయగా ఉండే. సీనియర్ల దగ్గర్నుంచి మా హాస్టల్‌కు చేరిన జిరాక్స్ కాపీలో ఎవరో పెన్సిల్‌తో 'అంకుల్ టైప్' అని రాసి వదిలేశారు. నిజం చెప్పాలంటే ప్లేస్‌మెంట్ పరీక్షకు అంతకంటే ఎక్కువ అక్కర్లేదు కూడా.

కానీ నాకు ఆ పదం దగ్గర బండి ఆగిపోయింది. అంకుల్ అంటే ఏ అంకుల్?

మాది బెజ్జంకి. అంటే అమ్మమ్మ వాళ్లది బెజ్జంకి, నేను పెరిగింది అక్కడే కాబట్టి మాదే. 2016లో జిల్లాలు మారినప్పుడు కరీంనగర్ నుంచి సిద్దిపేటలో కలిసింది గానీ మాటలో మాత్రం ఇంకా కరీంనగరోళ్లమే. మా దగ్గర బాపు అన్న పెద్దబాపు, బాపు తమ్ముడు కాక, అమ్మ అన్నదమ్ములు మామలు, పెద్దమ్మ భర్త మళ్లీ పెద్దబాపు, మేనత్త భర్త మళ్లీ మామ. కాకను మామా అని పిలిచి చూడండి, నవ్వరు, కంగారు పడతారు. ఎందుకంటే అక్కడ తప్పింది పిలుపు కాదు, వరుస. ఇంగ్లీషు వాడు వీళ్లందర్నీ ఒకే గంపలో వేసి అంకుల్ అన్నాడు, ఆ గంపకు ఒక విశేషణం కూడా చేశాడు.

డిక్షనరీలో మూలం ఉండే చోటికి వెళ్తే అసలు సంగతి బయటపడింది. అవంక్యులర్ వచ్చింది లాటిన్ 'అవుంకులుస్' నుంచి. అవుంకులుస్ అంటే ఎవరో అంకుల్ కాదు, అచ్చంగా తల్లి తోడబుట్టినవాడు. మేనమామ. తండ్రి తోడబుట్టినవాడికి వాళ్ల దగ్గర వేరే మాట, 'పాత్రుస్'. అవుస్ అంటే తాత, దానికి చిన్న అని చెప్పే ప్రత్యయం చేరిస్తే అవుంకులుస్, అంటే చిన్న తాత. తల్లి వైపు తాత తరవాత ఇంటికి పెద్దదిక్కు ఆయనే కదా, సరిగ్గానే ఉంది. ఆ అవుంకులుస్ ఫ్రెంచిలో పడి 'ఓంక్ల్' అయింది, ఇంగ్లీషులోకొచ్చి అంకుల్ అయింది. దారిలో 'తల్లి వైపు' అన్న ముక్క జారిపోయింది. పాత ఇంగ్లీషులో మేనమామకు ఒక మాట, చిన్నాన్నకు ఒక మాట విడివిడిగానే ఉండేవి. ఫ్రెంచి అంకుల్ వచ్చి రెండింటినీ మింగేసింది.

ఇంకో తమాషా. ఆంటీ వచ్చింది లాటిన్ 'అమిత' నుంచి. అమిత అంటే తండ్రి తోడబుట్టింది. మేనత్త! చిన్నమ్మకు, పెద్దమ్మకు వేరే మాట, 'మాతెర్‌తెరా'. అంటే ఇంగ్లీషులో అంకుల్, ఆంటీ అని పక్కపక్కన పెట్టి పిలుస్తున్నది, మూలంలో చూస్తే, మేనమామను, మేనత్తను. మనకు అది వింతేం కాదు. మేనమామ భార్య మనకు అత్తే, మేనత్త భర్త మనకు మామే. రోమన్లకు జత కుదరని రెండు మాటలు తెలుగింట్లో చక్కగా దంపతులై కూర్చున్నాయి. (మాతెర్‌తెరా నుంచి 'మెటర్టెరల్' అని ఆంటీల విశేషణం ఒకటి చేశారు గానీ దాన్ని వాడేవాళ్లు నవ్వించడానికే వాడతారు. అంకుల్ ప్రేమకు విశేషణం నిలబడింది, ఆంటీ ప్రేమకు నిలబడలేదు. ఆడవాళ్ల ప్రేమ అంత మామూలనుకున్నారేమో.)

ఇప్పుడు అదే లాటిన్ మేనమామ అంకుల్ వేషంలో బెజ్జంకికి కూడా వచ్చేశాడు. గ్యాస్ సిలిండర్ తెచ్చే అంకుల్, జిరాక్స్ షాపు అంకుల్. వరుస తెలియని వాళ్లను పిలవడానికి వాడే మాట అయింది. అటు హాస్టల్‌లో చూస్తే, ఏ చుట్టరికమూ లేని అబ్బాయిలు పొద్దున లేస్తే ఒకర్నొకరు 'మామా' అనే పిలుచుకుంటారు. రికార్డు కావాలంటే మామా, అసైన్‌మెంట్ పంపు మామా. చుట్టాన్ని అంకుల్ అంటున్నాం, చుట్టం కానివాణ్ణి మామా అంటున్నాం.

వాడుక సంగతి చెప్పాలి. అవంక్యులర్ స్మైల్, అవంక్యులర్ టోన్, అవంక్యులర్ అడ్వైస్ అని రాస్తారు. పెద్దాయన, కాస్త పొట్ట, భుజం మీద చెయ్యేసి మాట్లాడే రకం. ఒక్కోసారి చిన్న ఎత్తిపొడుపు కూడా ఉంటుంది, ప్రేమగా మాట్లాడుతూనే మనల్ని చిన్నపిల్లల్ని చేస్తున్నాడని. అమెరికా టీవీలో వార్తలు చదివిన వాల్టర్ క్రాంకైట్‌ను జనం అంకుల్ వాల్టర్ అనుకునేవారు. ఆయన గురించి ఈ మాట రాస్తే అతికినట్టుంటుంది. మన నెహ్రూ గురించి రాస్తే మాత్రం మూలం ఒప్పుకోదు, ఆయన చాచా, అంటే కాక, పాత్రుస్ వైపు మనిషి. గమనించాల్సింది ఏంటంటే, ఈ విశేషణం సొంత మామకు పనికిరాదు. 'మా మామ అవంక్యులర్' అంటే నీళ్లు తడిగా ఉన్నాయన్నట్టే. మామ కానివాడు మామలా ఉంటేనే ఆ మాట. మా ఊరి భాషలో దీనికి సరైన అనువాదం ఉంది: 'మామ లెక్క'. ఆయన నాకు మామ లెక్క, అంటే మామ కాదు, కానీ అంతటోడు.

డిక్షనరీ చెప్పిన ఆ దయ మాత్రం మన పురాణాలకు ఎక్కదు. కంసుడు మేనమామే, శకుని మేనమామే. వ్యాసుడు డిక్షనరీ రాసి ఉంటే అవంక్యులర్‌కు అర్థం వేరేగా ఉండేది. అభిమన్యుడికి కృష్ణుడు ఉన్నాడు, నయం. చందమామ సరే సరి. పాలకడలిలో లక్ష్మితో పాటు పుట్టాడు కాబట్టి లోకమాతకు తమ్ముడు, మనందరికీ మామ. ఆకాశంలో ఉన్నవాడికి కూడా వరుస కలిపి గానీ ఊరుకోని జాతి మనది.

ఇంతవరకు సరదాగానే ఉంది. లైబ్రరీలో ఇంకొంచెం వెతికితే ఇదే విశేషణం ఇంకో పక్కన కనిపించింది: 'అవంక్యులర్ మ్యారేజ్'. మానవ శాస్త్రం పుస్తకాల్లో మాట. మేనమామ, మేనకోడలు పెళ్లి. పుస్తకాల్లో దక్షిణ భారతం పేరు రాకుండా ఈ మాట రావడం అరుదు.

చుట్టరికాల మీద లూయిస్ హెన్రీ మోర్గన్ అనే అమెరికన్ 1871లో పెద్ద పుస్తకం వేశాడు. అందులో తమిళ, తెలుగు వరుసల పట్టికలున్నాయి. న్యూయార్క్ దగ్గరి సెనెకా తెగవాళ్ల వరుసలూ మన వరుసలూ ఇంత దగ్గరగా ఎలా ఉన్నాయని ఆయన ఆశ్చర్యపోయాడు. మనకు ఆ పట్టిక చూడక్కర్లేదు, మాటల్లోనే ఉంది. అక్క కూతురు మేన'కోడలు', అక్క కొడుకు మేన'అల్లుడు'. పెళ్లి కాకముందే కోడలు, అల్లుడు. 'మాయాబజార్' (1957) మొత్తం ఒక మేనరికం తగాదాయే కదా. రోమ్‌లో దీనికి సరిగ్గా తిరగేసి జరిగింది. క్రీ.శ. 49లో క్లాడియస్ చక్రవర్తి తన అన్న కూతురు అగ్రిపీనాను చేసుకోవడానికి సెనేట్‌తో చట్టం మార్పించాడు. ఆ తరవాత అన్న కూతుర్ని చేసుకోవచ్చు, అక్క కూతుర్ని మాత్రం వద్దు. మనకు అన్న కూతురంటే కూతురే, ఆలోచనే పాపం. అక్క కూతురైతే హక్కు. స్పెయిన్ రాజు రెండో ఫిలిప్ 1570లో, నాలుగో ఫిలిప్ 1649లో చేసుకున్నది సొంత చెల్లెళ్ల కూతుళ్లనే. నాలుగో ఫిలిప్ కొడుకు రెండో చార్లెస్ జీవితమంతా రోగాలతోనే గడిచి 1700లో వారసుడు లేకుండా పోయాడు, ఆ వంశం అక్కడితో ఆగింది. లెక్క కావాలనుకునే మనవాళ్ల కోసం: మేనమామకు, మేనకోడలికి జన్యువులు సగటున నాలుగో వంతు ఒకటే. బావమరదళ్లకైతే ఎనిమిదో వంతు. 1955 హిందూ వివాహ చట్టం మామా కోడళ్ల పెళ్లిని నిషిద్ధ వరుసల్లోనే పెట్టింది, ఆచారం ఉన్నచోట మాత్రం వదిలేసింది. మన దగ్గర ఆచారం ఉంది.

మా ఇంట్లోనూ ఉంది. నేను పుట్టిన రోజే అమ్మమ్మ అన్నదట, 'నా చిన్నకొడుక్కు పెండ్లాం పుట్టింది' అని.

చిన్నమామ నాకంటే పన్నెండేళ్లు పెద్ద. బెజ్జంకి గుట్ట మీద లక్ష్మీనరసింహస్వామి గుడిలో నా పుట్టెంటికలు తీసినప్పుడు ఒళ్లో కూర్చోబెట్టుకున్నది ఆయనే, అప్పటికి పదమూడేళ్ల పోరడు. చెవులు కుట్టించినప్పుడూ ఆయన ఒడే. నేను గుక్కపట్టి ఏడుస్తుంటే నాకంటే ముందు ఆయనకే కండ్లల్ల నీళ్లు తిరిగాయని అమ్మ ఇప్పటికీ చెప్పి నవ్వుతుంది. సైకిల్ మీద బడికి దింపింది ఆయన. క్రాస్ రోడ్ దాకా తీసుకెళ్లి రాజీవ్ రహదారి మీద కరీంనగర్ బస్సులో కిటికీ సీటు పట్టించింది ఆయన.

నేను పది పాసయిన ఎండాకాలం అమ్మమ్మ మాట ఎత్తింది. ఇంకో రెండేండ్లు ఆగుదాం గానీ మాట ఖాయం చేద్దాం అన్నది. బాపు తలూపాడు, అమ్మ ఏం అనలేదు. ఎకరం నర పొలం బయటికి పోదు, కట్నం లెక్కలుండవు, బిడ్డ కండ్ల ముందే ఉంటది. ఒక్కొక్కటీ వింటే ఏదీ తప్పనిపించదు, అదే కష్టం. మామ అన్నం తింటున్నాడు. చెయ్యి కడుక్కొని వచ్చి ఒకటే మాట అన్నాడు.

'అమ్మా, రేపు దాని పెండ్లికి బుట్టల కూసోబెట్టి మండపానికి ఎత్తుకచ్చేది ఎవరే? మేనమామనే గదా. నేను మండపంల కూసుంటే బుట్ట ఎవరు మోస్తరు?'

ఇంకో మామ లేడా అన్నది అమ్మమ్మ. పెద్దమామ ఉన్నాడు, నిజమే. 'వాడు మొయ్యడు, నడుం నొప్పంటడు' అన్నాడు. నవ్వాలో వద్దో ఎవరికీ తెలియలేదు. అప్పుడు నా వైపు తిరిగి, 'నువ్వేం సదువుతవే బిడ్డా?' అని అడిగాడు. ఆ ఇంట్లో ఆ పూట నన్ను ప్రశ్న అడిగింది ఆయనొక్కడే.

అమ్మమ్మ ఏడాది పాటు కొడుకుతో సరిగ్గా మాట్లాడలేదు. అన్నం పెట్టేది, పిలిచేది కాదు. వాడకట్టులో మాత్రం చర్చ నా మీద జరిగింది. సొంత మామనే వద్దన్నడంటే పోరిలో ఏం లోపమున్నదో అని. ఆ మాట మా చెవిన పడాలని కొంచెం గట్టిగానే అన్నారు. అమ్మ తమ్ముడి మీద అలిగింది, తన బిడ్డను కాదన్నాడని. నాకు ఒకే రోజు ప్రాణం లేచొచ్చినట్టూ, పరువు పోయినట్టూ రెండూ అనిపించాయి. పదిహేనేళ్లకు ఆ రెంటినీ విడదీసి చూసుకోవడం రాలేదు.

తరవాత మామ దుబాయి పోయాడు. మధ్యలో వచ్చి, బయటి సంబంధమే పెళ్లి చేసుకొని, మళ్లీ పోయాడు. నాకు ఇక్కడ సీటొచ్చినప్పుడు ఫీజు రీయింబర్స్‌మెంట్ పోను మిగిలిన ఫీజు, హాస్టల్, లాప్‌టాప్ అన్నీ కలిపి చూస్తే బాపు వల్ల అయ్యేలా లేదు. మామ అప్పుడు సెలవు మీద ఊళ్లోనే ఉన్నాడు. అక్కడ సంపాదించి చేయించుకున్న గొలుసు తీసుకపోయి సేటు దగ్గర కుదువ పెట్టాడు. 'వాపస్ ఇస్తవా' అని నేను అడగాల్సిన మాటను ఆయనే నన్ను అడిగాడు. 'ఇస్తా' అన్నాను. 'రాసుకో మరి' అన్నాడు. రాసుకున్నాను. నా రఫ్ నోట్సు వెనక పేజీలో అంకె ఇంకా ఉంది, పైన హెడ్డింగ్ 'మామ లెక్క'.

ఈ విశేషణానికి మిగిలిన మూడో అర్థం అప్పుడు నాకు తెలియదు. పాత ఇంగ్లీషు జనం కుదువ వ్యాపారిని ముద్దుగా 'అంకుల్' అనేవారు. గడియారం అంకుల్ దగ్గరుంది అంటే తాకట్టులో ఉందని. ఫ్రెంచి వాళ్లు అదే సంగతిని 'మా అత్త దగ్గర' అనేవారు. దాంతో అవంక్యులర్‌కు, తమాషాకైనా, కుదువ వ్యాపారికి చెందిన అనే అర్థం ఒకటి వచ్చి చేరింది. అంటే మా మామ నా కోసం పోయింది ఇంకో అంకుల్ దగ్గరికన్నమాట. ఈ సంగతి ఫోన్ చేసి చెప్తే, 'మిత్తి తీసుకునేటోడు మామ ఎట్లయితడే?' అన్నాడు.

గొలుసు ఇంకా అక్కడే ఉంది. ప్లేస్‌మెంట్లు వచ్చే ఏడాది.

దసరాకు బెజ్జంకి పోయాను. మామ బిడ్డకు రెండేళ్లు, నాకు మరదలు. అమ్మమ్మ దాన్ని ఒళ్లో పెట్టుకొని, ఇంటర్ చదువుతున్న మా తమ్ముడి వైపు చూసి, 'మేనరికమే గదా, వరుసకు బావనే గదా' అన్నది. వయసు తేడా ఎంతో చెప్తే, 'మా కాలంల ఇదొక లెక్కనా' అన్నది. ఆ మాట అంతా వీడియో తీసి మామకు వాట్సాప్ చేశాను. రాత్రి డ్యూటీ దిగినాక జవాబు వచ్చింది.

'ముందు వాణ్ణి ఫిజిక్స్ పాస్ కమ్మను.'