కాతిబ్ గల్తీ

మా అబ్బాజాన్ కాతిబ్. కంప్యూటర్లు రాకముందు ఉర్దూ అఖ్బార్‌ని చేత్తో రాసిన తరం. నా చిన్నప్పుడు రెండు ఇళ్ళవాళ్ళు చెరో పాత శజరా పట్టుకుని ఆయన దగ్గరికి వచ్చారు. ఒకరేమో మనది ఒకే ఖాన్‌దాన్ అంటారు, ఇంకొకరు ఒప్పుకోరు. ఐదో పుష్త్‌లోని పెద్దాయన ఖబర్ రాతి మీద పేరు ఖలీల్. కాగితంలో మాత్రం పైన ఉండాల్సిన నుఖ్తా కింద పడి జలీల్ అయ్యింది. రెండు కాగితాల్లోనూ అంతే. "సహీగా అయితే ఎవరైనా రాస్తారు. ఒకే గల్తీ, ఒకే జాగాలో, ఇద్దరు వేరువేరుగా చెయ్యరు. ఇవి ఒకే అసల్‌కి నకళ్ళు" అని తేల్చేశారు.

మొన్న బక్రీద్ ముందురోజు అది గుర్తొచ్చింది. మా అమ్మాయి ఇంటర్ బైపీసీ. జీవపరిణామం పాఠం తీస్తే అబ్బాజాన్ "అది వదిలెయ్ బేటీ" అన్నారు. నేను నోరు తెరవలేదు. మా ఉర్దూ మీడియం స్కూల్లో సార్ 'ఇర్తిఖా' సబఖ్ పేజీలు తిప్పేసి ముందుకెళ్ళారు. నేనేమో ఇన్నేళ్ళ సహాఫత్‌లో దాని మీద ఒక్క ముక్క రాయలేదు. డర్, ఇంకేముంది.

పిల్ల బహస్ పెట్టుకోలేదు. "దాదా, ఆవుకి దగ్గరి రిష్తా ఒంటెతోనా, తిమింగలంతోనా?" అంది.

"ఒంటెతోనే. అదీ ఒక సవాలేనా?"

"కాదు, తిమింగలంతో."

ఆయన నవ్వారు. అప్పుడు తను శజరాల ఖిస్సా ఎత్తుకుంది (నేనే ఎప్పుడో చెప్పాను). జీవుల డిఎన్ఏలో కొన్ని చిన్న ముక్కలు తమని తామే నకల్ చేసుకుని ఎక్కడో ఒకచోట దూరిపోతాయట. దూరిన జాగా నస్ల్ తర్వాత నస్ల్ అలాగే నడుస్తుంది. కోట్ల అక్షరాల్లో అదే ముక్క, సరిగ్గా అదే జాగాలో, రెండుసార్లు విడివిడిగా దూరడం దాదాపు జరగని పని. జపాన్‌లో నొరిహిరో ఒకాడా బృందం ఇదే వెతికింది. 1997లో ఆవు, నీటిగుర్రం, తిమింగలం మూడింటికీ ఉమ్మడిగా ఉండి, ఒంటెలో, పందిలో లేని ముక్కలు దొరికాయి. 1999లో నీటిగుర్రానికీ తిమింగలానికీ మాత్రమే ఉమ్మడిగా ఉన్నవి దొరికాయి. అంటే నీళ్ళలో ఈదే ఆ పహాడ్‌కి బతికున్నవాటిలో అందరికన్నా దగ్గరి చుట్టం నీటిగుర్రం, ఆ తర్వాత మన ఆవు, మేక.

ఇప్పుడు మొత్తం జీనోమ్‌లే పక్కపక్కన పెట్టి చదువుతున్నారు. అన్నిచోట్లా లెక్క ఇంత సాఫ్‌గా రాదు. నీలి తిమింగలం ఖాన్‌దాన్ జీనోమ్‌లు 2018లో చదివితే, వేరైన కొమ్మలు మళ్ళీ కలిసిన నిశానీలు కనిపించాయి. శజరా అక్కడ చెట్టులా కాక వలలా ఉంది. మన ఇళ్ళల్లో మేనరికాల్లాగా అనుకోండి.

అబ్బాజాన్ చాలాసేపు ఖామోష్‌గా ఉన్నారు. కోపమొచ్చిందేమో అని నా గుండె దడదడ. చివరికి చష్మా అడిగారు. పిల్ల ఫోన్లో ఒక జీనోమ్ ముక్క తీసి ఇచ్చింది. వరుసగా అవే అక్షరాలు. స్క్రీన్‌ని కళ్ళకి దగ్గరగా పెట్టుకుని, వేలితో లైను వెంట పోతూ అడిగారు.

"నాలుగే హర్ఫ్‌లా? నుఖ్తాలు లేవా?"