ఒకే వరుస, వేర్వేరు వీధులు: డెట్రాయిట్ నగరంలో కొన్ని దినాలు

అమెరికా ఉత్తర సరిహద్దున, మిషిగన్ రాష్ట్రంలో డెట్రాయిట్ నగరం ఉంది. నగరాన్ని ఆనుకొని ఒక నది, నదికి ఆవలి ఒడ్డున కెనడా దేశం. మోటారు కార్ల తయారీతో లోకప్రసిద్ధి పొందిన ఈ నగరానికి మన దేశం నుంచి యాత్రికులు అంతగా వెళ్ళరు. న్యూయార్క్ మేడలూ నయాగరా జలపాతమూ చూసి తిరిగివస్తారు. కాని రంగు, భాష, వంశం వేరైన జనులు ఒకే నేలపై ఎలా జీవిస్తున్నారో, ఎక్కడ కలుస్తున్నారో, ఎక్కడ విడిపోతున్నారో తెలుసుకోగోరేవారికి ఈ నగరం ఒక తెరిచిన గ్రంథం వంటిది.

మా వద్ద విద్యనభ్యసించిన ఒక శిష్యుడు ఆ నగర శివార్లలో స్థిరపడ్డాడు. అతని ఆహ్వానం మీద మేము అక్కడ కొన్ని దినాలు గడిపాము. నేడు మన కుటుంబాల నుంచి ఎందరో యువకులు చదువుల కోసం, ఉద్యోగాల కోసం ఆ దేశానికి వెళుతున్నారు. కనుక అక్కడ చూసినదీ తెలుసుకున్నదీ పాఠకుల ముందుంచడం మా బాధ్యతగా భావిస్తున్నాము.

ఆరడుగుల గోడ

నగరానికి ఉత్తరపు హద్దుగా 'ఎయిట్ మైల్ రోడ్' అనే విశాలమైన రహదారి ఉంది. దానికి దక్షిణాన, ఇళ్ళ పెరళ్ళ వెంబడి సాగే ఒక గోడను మా శిష్యుడు చూపించాడు. ఎత్తు ఆరడుగులు, పొడవు అర మైలు. పిల్లలు ఆడుకునే మైదానం పక్కన దానిమీద రంగురంగుల బొమ్మలు వేసి ఉన్నాయి. చూడగానే అది ఏ పాఠశాల ప్రహరీయో అనుకుంటాము. నిజానికది 1941లో నల్లజాతి వారి ఇళ్ళను తెల్లజాతి వారి ఇళ్ళ నుంచి వేరుచేయడానికి కట్టిన గోడ.

అది ఎందుకు పుట్టిందో తెలుసుకోవడం అవసరం. ఇళ్ళ కోసం బ్యాంకులిచ్చే రుణాలకు అమెరికా ప్రభుత్వం 1930ల నుంచి హామీ ఇవ్వసాగింది. సామాన్యుడు సొంత ఇంటివాడు కావడానికి అదొక గొప్ప మార్గం. అయితే నల్లజాతి వారు నివసించే పేటలను పటాలలో ఎర్రరంగుతో గుర్తించి, అక్కడి ఇళ్ళను హామీకి తగనివిగా నిర్ణయించారు. వాటికి పొరుగున ఉన్న స్థలాలకు సైతం హామీ దొరకడం కష్టమైంది. ఆ పరిస్థితిలో ఒక వ్యాపారి నల్లవారి పేట పక్కనే తెల్లవారి కోసం ఇళ్ళు కట్టదలచాడు. నడుమ ఈ గోడ లేపిన తర్వాతనే అతనికి హామీ లభించింది. దీనిని బట్టి ఒక సంగతి గ్రహించాలి. జాతి వివక్ష కోపోద్రిక్తులైన మూకల చేతి కర్రలోనే ఉండదు. శాంతంగా కూర్చుని కాగితం మీద సంతకం చేసే అధికారి కలంలోనూ ఉంటుంది. కర్ర దెబ్బ ఒక తరానికి తగులుతుంది, కలం దెబ్బ మూడు తరాలకు తగులుతుంది. ఎందుకంటే ఆ దేశంలో తండ్రి కొడుకుకు వదిలివెళ్ళే ఆస్తి ప్రధానంగా ఇల్లే.

మూకలు కూడా లేకపోలేదు. 1925లో ఆసియన్ స్వీట్ అనే నల్లజాతి వైద్యుడు ఈ నగరంలోనే తెల్లవారి వీధిలో ఇల్లు కొనుక్కున్నాడు. ఆయన కాపురానికి వచ్చిన మరునాటికే వందలాది జనం ఇంటిని చుట్టుముట్టి రాళ్ళు రువ్వారు. లోపలి నుంచి పేలిన తుపాకీకి ఒకడు మరణించాడు. ఇంట్లో ఉన్నవారందరిపై హత్యానేరం మోపారు. సుప్రసిద్ధ న్యాయవాది క్లారెన్స్ డారో వాదించిన మీదట చివరికి ఆ నేరారోపణ నిలువలేదు. 1943 జాతి ఘర్షణల్లో 34 మంది, 1967లో 43 మంది ఇక్కడ ప్రాణాలు కోల్పోయారు. తెల్లవారు శివార్లకు తరలిపోయారు, కర్మాగారాలు మూతపడ్డాయి. 1950లో పద్దెనిమిది లక్షలు దాటిన నగర జనాభా 2020 నాటికి ఆరు లక్షల నలభై వేలకు తగ్గింది. మిగిలినవారిలో నాలుగింట మూడు వంతులకు పైగా నల్లజాతి వారే. నేడు ఆ గోడకు రెండు వైపులా నివసిస్తున్నది ప్రధానంగా వారే. గోడ మాత్రం అలాగే నిలిచి ఉంది.

తెల్లవాడెవడు?

1914లో హెన్రీ ఫోర్డ్ తన కర్మాగారంలో దినానికి అయిదు డాలర్ల వేతనం ప్రకటించాడు. ఆ మాట విని పోలండ్ రైతులు వచ్చారు. సిరియా, లెబనాన్, యెమెన్‌ల నుంచి అరబ్బులు వచ్చారు. అమెరికా దక్షిణ రాష్ట్రాల ప్రత్తి పొలాల నుంచి నల్లజాతి వారు రైలెక్కి వచ్చారు. ముస్లిముల రాకతో 1921లోనే నగరాన్ని ఆనుకుని ఉన్న హైలండ్ పార్క్‌లో ఒక మసీదు వెలసింది. అది ఎంతోకాలం నిలువలేదు గాని, తర్వాత డియర్‌బార్న్ పట్టణంలో స్థిరమైన మసీదులు ఏర్పడ్డాయి.

వచ్చినవారందరికీ ఆ దేశపు పౌరసత్వం సమానంగా లభించలేదు. విదేశీయులలో స్వతంత్రుడైన తెల్లవానికే పౌరసత్వమని 1790 నాటి చట్టం నిర్దేశించింది. అంతర్యుద్ధం తర్వాత, 1870లో, ఆఫ్రికా సంతతికి కూడా ఆ హక్కు విస్తరించింది. అయితే ఈ రెండింటికీ చెందని ఆసియా వాసి మాటేమిటి? పంజాబ్‌కు చెందిన భగత్ సింగ్ థింద్ తెల్లవాడు కాడని 1923లో అమెరికా సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 1942లో అహ్మద్ హసన్ అనే యెమెన్ దేశస్థుడు ఇదే డెట్రాయిట్‌లోని న్యాయస్థానాన్ని ఆశ్రయించాడు. అరబ్బులు తెల్లవారు కారని న్యాయాధిపతి నిర్ణయించాడు. అతని మేనిఛాయతో పాటు, ముస్లిం ప్రపంచానికీ క్రైస్తవ ఐరోపాకూ ఉన్న దూరాన్ని సైతం కారణంగా చూపాడు. రెండేళ్ళకే మాసచూసెట్స్ రాష్ట్రంలోని మరో న్యాయస్థానం ఇంకొక అరబ్బును తెల్లవాడేనని అంగీకరించి పౌరసత్వమిచ్చింది. మనిషి మారలేదు, చట్టం మారలేదు, న్యాయపీఠం మాత్రమే మారింది. రంగును బట్టి మనిషిని నిర్ణయించే తూనిక ఎంత బూటకమైనదో తెలియడానికి ఇంతకంటే నిదర్శనం కావాలా?

తలుపు తెరిచిన చేతులు

మన దేశస్థులకు ఈ తలుపు ఎప్పుడు తెరుచుకుంది? 1946లో భారతీయులకు ఏడాదికి నూరుగురు చొప్పున ప్రవేశం కల్పించారు. అది కేవలం సన్నని సందు. అసలు ద్వారం తెరిచినది 1965 నాటి వలస చట్టం. పుట్టిన దేశాన్ని బట్టి కోటాలు కేటాయించే పాత పద్ధతిని అది రద్దుచేసింది. ఆ తేదీలను పక్కపక్కన పెట్టి చూడాలి. జాతి వివక్షను నిషేధించిన పౌరహక్కుల చట్టం 1964లో వచ్చింది. నల్లజాతి వారి ఓటు హక్కును కాపాడే చట్టం 1965 ఆగస్టులో వచ్చింది. వలస చట్టంపై అధ్యక్షుడు జాన్సన్ అదే సంవత్సరం అక్టోబరు 3న సంతకం చేశాడు. ఈ సామీప్యం యాదృచ్ఛికం కాదు. లాఠీలకూ పోలీసు కుక్కలకూ ఎదురునిలిచి నల్లజాతి ప్రజలు సాగించిన పోరాటం, జాతిని బట్టి మనిషి విలువ కట్టే చట్టాలు సిగ్గుచేటనే భావాన్ని ఆ దేశంలో కలిగించింది. ఆ భావ ఫలమే వలస చట్టం కూడా.

కనుక హైదరాబాదు, గుంటూరు, కర్నూలు నుంచి వెళ్ళి అక్కడ ఇళ్ళు కట్టుకున్న మన సోదరులు నడిచి వెళ్ళిన తలుపును తెరవడంలో నల్లజాతి వారి చేతులున్నాయి. ఈ సంగతి ఎరిగినవారు అక్కడ మాకు కొద్దిమందే తారసపడ్డారు.

హాంట్రామిక్ చెప్పే రెండు కథలు

డెట్రాయిట్ కడుపులో హాంట్రామిక్ అనే చిన్న పట్టణం ఉంది. విస్తీర్ణం రెండు చదరపు మైళ్ళు, జనాభా 2020లో ఇరవై ఎనిమిది వేల పైచిలుకు. ఒకప్పుడది పోలండ్ వారి ఊరు. సెయింట్ ఫ్లోరియన్ చర్చి శిఖరం నేటికీ దూరం నుంచి కనిపిస్తుంది. ఇప్పుడు ఆ వీధుల్లో యెమెన్ రొట్టెల దుకాణాలూ బంగ్లాదేశ్ చీరల అంగళ్ళూ కనిపిస్తాయి. 2004లో లౌడ్ స్పీకరులో అజాన్‌కు పట్టణ సభ అనుమతినిచ్చినప్పుడు గొప్ప వివాదం చెలరేగింది. విషయం ప్రజల ఓటుకు వెళ్ళింది. ఓటర్లు ఆ అనుమతిని నిలబెట్టారు. 2015లో పట్టణ సభలో ముస్లిములు ఆధిక్యం పొందారు. 2021లో సభ్యులందరూ ముస్లిములే ఎన్నికయ్యారు, యెమెన్‌లో జన్మించిన వ్యక్తి మేయరు అయ్యాడు. చర్చి గంట, అజాన్ ఒకే ఊరిలో వినిపించే ఆ ప్రదేశాన్ని చూసి మేము సంతోషించాము.

కాని అదే ఊరికి మరొక కథ ఉంది. పట్టణ పునరుద్ధరణ పేరిట అక్కడ నల్లజాతి వారి ఇళ్ళను తొలగించారు. బాధితులు 1968లో దావా వేశారు. ఇది ఉద్దేశపూర్వక వివక్షేనని 1971లో డామన్ కీత్ అనే నల్లజాతి న్యాయాధిపతి తీర్పు చెప్పారు. బదులుగా ఇవ్వవలసిన ఇళ్ళ నిర్మాణం ముగిసేసరికి 2010 వచ్చింది. తీర్పు వచ్చినప్పుడు యౌవనంలో ఉన్నవారు తాళంచెవి అందేసరికి వృద్ధులయ్యారు.

ఇంకొక విశేషం. 1930లో డెట్రాయిట్‌లో 'నేషన్ ఆఫ్ ఇస్లాం' అనే ఉద్యమం పుట్టింది. పేరులో ఇస్లాం ఉన్నా దాని బోధనలు తౌహీద్‌కు విరుద్ధమైనవి. తెల్లవారిని సైతానులుగా చిత్రించేవి. అవమానానికి గురైన జాతి గుండెల్లో రగిలిన బాధ అలా దారి తప్పింది. మాల్కం ఎక్స్ 1953లో ఈ నగరంలోనే దాని సహాయక బోధకుడయ్యారు. 1964లో హజ్ యాత్రలో తెల్లవారూ నల్లవారూ ఒకే పాత్రలో భుజించడం కళ్ళారా చూసి, ఆ పూర్వపు భావాన్ని త్యజించారు. మరుసటి ఏడాది ఫిబ్రవరిలో న్యూయార్క్‌లో హతులయ్యారు. ఉద్యమ నాయకుని కుమారుడైన వారిస్ దీన్ ముహమ్మద్ 1975లో పగ్గాలు చేపట్టి, ఆ సమాజాన్ని అహ్లె సున్నత్ మార్గం వైపు మళ్ళించారు. ఆయన జన్మించినది 1933లో, ఇదే హాంట్రామిక్‌లో. నేడు అమెరికా ముస్లిములలో దాదాపు అయిదో వంతు నల్లజాతి వారు. మనవారు విమానం దిగక పూర్వమే వారు అక్కడ మసీదులు నిలిపి, జైళ్ళలో సైతం నమాజ్ హక్కు కోసం న్యాయస్థానాల్లో పోరాడారు.

సలాం తర్వాత

ఒక జుమా నాడు మేము నమాజ్ చేసిన మసీదులో అరబ్బులు, బెంగాలీలు, పాకిస్తానీలు, నల్లజాతి వారు, మన హైదరాబాదీలు భుజానికి భుజం ఆనించి నిలబడ్డారు. చూడముచ్చటైన దృశ్యం. నమాజ్ ముగిశాక ఒక నల్లజాతి వృద్ధుడు మా పక్కన కూర్చుని అన్నారు: "సోదరా, వరుసలో మేమంతా ఒకటే. సలాం తిప్పిన తర్వాత ఎవరి వీధి వారిది." అందులో నిష్ఠూరం లేదు. అందుకే అది మరింత గుచ్చుకుంది.

ఆ సాయంత్రమే మా శిష్యుని ఇంటికి తెలిసిన మన ప్రాంతపు కుటుంబీకుడొకరు సలహా కోరి వచ్చారు. "మౌలానా సాబ్, మా అమ్మాయికి ఒక సంబంధం వచ్చింది. అబ్బాయి ఇంజనీరు, నమాజీ, ఖుర్‌ఆన్ హాఫిజ్. అమ్మాయికీ ఇష్టమే. కాని..." అని ఆగిపోయారు. కొంతసేపటికి, "నల్లవాడండీ. ఊళ్ళో మా అమ్మకు ఫోటో ఎలా పంపను?" అన్నారు.

మేము హజ్రత్ జులైబీబ్ (రజి) వృత్తాంతం చెప్పాము. రూపసి కాని, వంశమేదో తెలియని ఆ సహాబీ కోసం దైవప్రవక్త (స) స్వయంగా ఒక అన్సారీ ఇంట పిల్లనడిగారు. తల్లిదండ్రులు సందేహించారు. ప్రవక్త (స) పంపిన సంబంధాన్ని తిరస్కరిస్తారా అని ఆ అమ్మాయే ముందుకొచ్చి అంగీకరించింది. వచ్చినాయన మౌనంగా విన్నారు. "మీరు చెప్పింది నిజమే. మా అమ్మకు కూడా మీరే చెప్పాలి" అన్నారు. అప్పుడు మాకు తెలిసింది, ఆ ప్రశ్న డెట్రాయిట్‌లో పుట్టినది కాదని. అది మన ఇళ్ళ నుంచే సామానుతో పాటు విమానమెక్కి వెళ్ళింది.

మన ఇంటి లెక్క

హైదరాబాదులో ఏసీ గార్డ్స్ అనే పేట ఉంది. నిజాం కొలువులోని ఆఫ్రికన్ అశ్వదళం నివసించినందువల్ల దానికా పేరు వచ్చింది. వారి సంతతి నేటికీ మన మధ్య ఉంది. వారి మర్ఫా వాద్యాలు మన బరాత్‌లలో మోగుతాయి. కాని ఆ వాద్యగాళ్ళ ఇంటి నుంచి సంబంధం వస్తే ఎన్ని తలుపులు తెరుచుకుంటాయి? మన పెళ్ళి ప్రకటనల్లో 'తెల్లని అమ్మాయి' అనే మాట ఎవరు రాయిస్తున్నారు? దూదేకుల సోదరుని, కసాబు సోదరుని వృత్తి పేరిట తక్కువ చేసే మాట దస్తర్‌ఖాన్ వద్దనే పిల్లల చెవిన పడటం లేదా?

ఒకసారి హజ్రత్ అబూజర్ (రజి) ఒక వ్యక్తిని అతని తల్లి పేరిట ఎత్తిపొడిచారు. ఆయనలో అజ్ఞానకాలపు వాసన ఇంకా మిగిలి ఉందని దైవప్రవక్త (స) హెచ్చరించారు. అంతటి సహాబీకే ఆ హెచ్చరిక అవసరమైనప్పుడు మనమెంత? మనుషులను జాతులుగా చేసింది పరస్పరం గుర్తించుకోవడానికేనని, దైవభీతి తప్ప వేరే ఆధిక్యత లేదని సూరా హుజురాత్ బోధిస్తుంది. ఆ బోధను ప్రసంగాల్లో వినిపించడం సులభం. నిఖా నామా మీద నిలబెట్టడమే కష్టం.

కనుక బిడ్డలను పరదేశానికి పంపే తల్లిదండ్రులకు మా విన్నపం ఇది. ఊరగాయ జాడీ, గరం మసాలాలతో పాటు వారికి ఈ మాట కూడా కట్టి పంపండి: అక్కడి నల్లజాతి సోదరుని ఇంటికి వెళ్ళి భోజనం చేయమని, తన ఇంటికి అతన్ని పిలవమని, తమకు హక్కులు సంపాదించిపెట్టినవారి చరిత్ర చదవమని. అంతకు ముందు మనం మన ఇంట్లో ఒక లెక్క సరిచూసుకోవాలి. హజ్రత్ బిలాల్ (రజి) పేరు మన కుమారులకు ప్రేమతో పెట్టుకుంటున్నాము. ఆ బిలాలే నేడు మన గుమ్మం ముందు నిలిచి పిల్లనడిగితే మన జవాబేమిటి? అల్లాహ్ మనకు ఆ జవాబును సిద్ధం చేసుకునే సద్బుద్ధిని ప్రసాదించుగాక. ఆమీన్.