వెళ్ళనంటూనే ఊళ్ళు తిరిగినవాడు

కాశీ వెళ్ళొచ్చినాయన్ని "ఎలా ఉందండీ?" అనడిగితే, "ఇరుకండీ" అని ఊరుకున్నాడనుకోండి. కాస్త చిరాకేస్తుంది కదా? సరిగ్గా ఆ చిరాకుతోనే పేరు తెచ్చుకున్న మనిషి కార్ల్ పిల్కింగ్టన్.

మాంచెస్టర్ వాడు. గుండ్రటి బోడితల, ఎప్పుడూ ముభావంగా ఉండే మొహం. లండన్ ఎక్స్ఎఫ్ఎం రేడియోలో రికీ జెర్వైస్, స్టీఫెన్ మర్చంట్ అనే హాస్యగాళ్ళ కార్యక్రమానికి ప్రొడ్యూసర్‌గా ఉండేవాడు. మైకు వాళ్ళది, మీటలు ఇతనివి. మధ్యమధ్యలో వాళ్ళు కదిలిస్తే ఏదో అనేవాడు, వాళ్ళేమో పడీపడీ నవ్వేవారు. 2005 చివర్లో ముగ్గురూ కలిసి పెట్టిన పాడ్‌కాస్ట్ గిన్నిస్ రికార్డుకెక్కింది.

ఇల్లు కదలడమంటేనే గిట్టని ఈ మనిషిని ప్రపంచ వింతలు చూడమని తోలితే? 2010లో స్కై ఛానల్లో వచ్చిన 'యాన్ ఇడియట్ ఎబ్రాడ్' అదే. చైనా గోడ చూసి, గొప్పదేం కాదు, ఫరవాలేదన్నాడు. జోర్డాన్‌లోని పెట్రాలో, కొండను తొలిచి కట్టిన ఆ మహా కట్టడం ఎదుట నిలబడి, తనకైతే ఎదురుగా ఉన్న గుహే నయమన్నాడు. ఎందుకటా? గుహలో ఉంటే కంటికి భవనం కనిపిస్తుంది, భవనంలో ఉంటే గుహ కనిపిస్తుంది! ఇందులో తప్పు పట్టండి చూద్దాం. గైడు పుస్తకాలు ఎన్ని తిరగేసినా ఈ మాట దొరకదు.

మన దేశానికీ వచ్చాడు. హోలీ రంగుల్లో తడిశాడు, కుంభమేళా చూశాడు, తాజ్‌మహల్ దాకా వెళ్ళాడు. ఆ భాగం నాకంతగా రుచించలేదు లెండి. తెల్లవాళ్ళ కెమెరాకి మనమెప్పుడూ విభూతి పూసుకునే కనిపించాలి కాబోలు! అయితే ఆ తప్పు కార్ల్‌ది కాదు, పంపినవాళ్ళది. ఏ గుడ్డిగుర్రాన్నెక్కించినా ఎక్కి, దిగాక నిజం చెప్పేవాడతను.

ఈ విసుగంతా నటనేనంటారు కొందరు. ఏళ్ళ తరబడి అంత నిలకడగా విసుక్కోవడం నటనే అయితే, అదీ గొప్పే. 2013లో 'ద మోనింగ్ ఆఫ్ లైఫ్' అనే టీవీ కార్యక్రమంలో పెళ్ళి, పిల్లలు, చావు అంటూ పెద్ద సంగతులకే ఎసరు పెట్టాడు. ఘానాలో చిత్రవిచిత్రమైన శవపేటికలు చేసేవాళ్ళ దగ్గర తనకోసం ట్విక్స్ చాక్లెట్ ఆకారంలో ఒకటి చేయించుకున్నాడు కూడా!

2018లో 'సిక్ ఆఫ్ ఇట్' అనే టీవీ సీరియల్‌కి కథే అల్లి నటించాడు. అందులో కార్ల్ అతనే, కార్ల్ లోపలి గొంతూ అతనే. గొణిగేదీ తానే, వినేదీ తానే. జీతం మాత్రం ఒక్కరికే ఇచ్చారో ఏమో, పాపం.