రెండడుగుల నేల, నెలకు పదిహేడు వేలు

గుంటూరు శివారులో మాకు రెండు వందల గజాల స్థలం ఉంది. ముప్ఫై అడుగుల వెడల్పు, అరవై అడుగుల పొడవు. పునాది లేచి ప్రహరీకి కందకం తీసేసరికి తూర్పు పక్కాయన వచ్చి పని ఆపించారు. గోడ తన స్థలంలోకి రెండడుగులు వచ్చిందంటారు. కంకర లారీకి తన కారు అడ్డం పెట్టారు. పోలీసులను నిలబెట్టి రెండు రోజుల్లో గోడ లేపేద్దామన్నాడు మా బావమరిది. నేను ముందు లెక్క చూసుకున్నాను.

రెండడుగుల చొప్పున అరవై అడుగులంటే పదమూడు గజాల పైచిలుకు. గజం 18,000 లెక్కన సుమారు 2.4 లక్షలు. ఇటు బ్యాంకు అప్పటికి 8 లక్షలు విడుదల చేసింది. 8.75 శాతం మీద నెలకు 5,800 వడ్డీ, దానికి తోడు మేముంటున్న ఇంటి అద్దె 11,000. పని ఆగితే నెలకు పదిహేడు వేలు ఊరికే పోతాయి. పద్నాలుగు నెలలు ఆగితే ఆ నేల విలువంతా ఖర్చయిపోయినట్టే. దావాలు అంత త్వరగా తేలతాయా? ఈ లెక్కన వదిలేయడమే లాభం. కానీ మంజూరైన ప్లానులో అటువైపు మీటరు ఖాళీ చూపించాం. రెండడుగులు పోతే మిగిలేది అడుగుంబావు. అప్పుడు ఇల్లే ప్లానుకు విరుద్ధమవుతుంది, తర్వాతి విడత డబ్బుకు బ్యాంకు ఇంజనీరు ఒప్పుకోడు. ఇక పోరాడక తప్పదు.

స్టేషన్లో ఎస్సై అర్జీ తీసుకుని రసీదు ఇచ్చారు. "కొట్టినా, బెదిరించినా చెప్పండి, కేసు కడతాను. హద్దు ఎవరిదో నేను తేల్చలేనండీ. కోర్టు ఆర్డరు తెచ్చుకోండి" అన్నారు. చాలామందికి ఇది తప్పించుకునే మాటగా వినిపిస్తుంది. నాకైతే సబబుగానే తోచింది. పోలీసు రక్షణ కోరే రిట్ పేరుతో సివిల్ హక్కులను తేల్చుకోవడం కుదరదని సుప్రీంకోర్టు 2006లోనే మురళీధరన్ కేసులో చెప్పింది.

బయట టీ కొట్టు దగ్గర ఓ పెద్దమనిషి, యాభై వేలకు ఇద్దరు కానిస్టేబుళ్లను నిలబెట్టిస్తానన్నాడు. గోడ లేచాక పక్కాయన స్టే తెస్తే ఆ కానిస్టేబుళ్లే వచ్చి పని ఆపుతారు. అప్పుడు నా చేతిలో కాగితం ముక్క కూడా ఉండదు.

ఆ యాభై వేలూ ప్లీడరు గారికీ కొలతలకూ పెట్టాను. ఆయన ఇంజంక్షన్ దావా వేసి, తాత్కాలిక ఉత్తర్వుకు ఒక అర్జీ, అడ్వకేట్ కమిషనరును పంపమని మరో అర్జీ పెట్టారు. ఉత్తర్వు వచ్చాక కూడా అడ్డుపడితే సి.పి.సి. 151వ సెక్షన్ కింద పోలీసు ఎయిడ్ అడగొచ్చు. మంజూరైతే స్టేషనుకు ఆదేశం కోర్టు నుంచే వెళ్తుంది. ఉత్తర్వు ధిక్కరించినవాళ్ల ఆస్తి జప్తు చేయొచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైల్లో కూడా పెట్టొచ్చు. ఖాకీ చొక్కా కంటే పక్కాయన్ను కదిలించింది ఈ జప్తు మాటే అనుకుంటాను.

కమిషనరు సర్వేయరును వెంటబెట్టుకుని రోడ్డు మూల రాయి నుంచి కొలిపించారు. మా గోడ దస్తావేజు చెక్కుబందీలోనే ఉంది. పక్కాయనకు తగ్గిన నేల ఆయన అవతలి వాళ్ల గోడ కింద తేలింది. లోక్ అదాలత్‌లో రాజీపడ్డాం. ఆ అవార్డు డిక్రీతో సమానం, దానిమీద అప్పీలు లేదు, కట్టిన కోర్టు ఫీజు కూడా వాపసు వస్తుంది. టైపు చేయించి ఉంచిన పోలీసు ఎయిడ్ అర్జీ దాఖలు చేసే పనే పడలేదు. ఆగిన నెలల అద్దె, వడ్డీ మాత్రం ఎస్టిమేటులో ధరల పెరుగుదల కోసం పక్కన పెట్టిన పది శాతంలోంచి పోయాయి.

పక్కాయన ఇప్పుడు అవతలి గోడ మీద దావా వేస్తానంటున్నారు. కమిషనరు రిపోర్టు నకలు అడిగితే ఇచ్చాను. ఆయనది ఖాళీ స్థలం. అప్పు లేదు, అద్దె లేదు. ఎన్నేళ్లు పట్టినా నెలనెలా పోయేదేమీ లేదు కాబట్టి ఆయన లెక్క నా లెక్కలా ఉండదు.